కాలర్ మీద తేలు

ఎర్రరాళ్ళ లోయలో షూటింగ్ జరుగుతుండగా నటుడు క్రిసాంతో కొండరాయి మీంచి పడి ప్రాణం పోగొట్టుకుని నెల దాటింది. నడుముకు కట్టిన తాడు రాతికి ఒరుసుకుని తెగిందనీ, అందులో ఎవరి తప్పూ లేదనీ పోలీసులు తేల్చేశారు. ఆ తాడు ముడి వేసిన చేతులు అతడి ప్రాణస్నేహితుడు ఎలిసియో బరగాన్‌వి. ఆ రోజు నుంచి ఎలిసియో తన చేతులను తాను సరిగా చూసుకోలేకపోతున్నాడు. సరిగ్గా అప్పుడే అదృష్టం ఎదురొచ్చింది. సినిమాల్లోనూ టీవీలోనూ ఇన్నేళ్ళుగా బందిపోటు వేషాలే వేస్తూ, వేసిన ప్రతి వేషంలోనూ చస్తూ వచ్చిన ఆ మనిషికి తన టీవీ సీరియల్లో చావని వేషం ఇస్తానన్నాడు నిర్మాత హాడ్లీ. షెరీఫ్ పక్కన డెప్యూటీ. వారం వారం గుర్రమెక్కి బతికి తిరిగొచ్చే డెప్యూటీ. దానికి ముందు ఒక చిన్న పని చేసిపెట్టమన్నాడు. గాలి హోరులో క్రిసాంతో మాటలు పాడయ్యాయట. ఆ గొంతు చెరిపి, దాని మీద ఎలిసియో తన గొంతు పెట్టాలి.

ఎలిసియో స్టూడియోలో డబ్బింగ్ గదికి వెళ్ళాడు. మైకు ముందు నిలబడ్డాడు. సౌండ్ మనిషి బర్ట్ అద్దం అవతల నుంచి చెయ్యి ఊపి, తెర మీద బొమ్మ వేసి టేపు తిప్పాడు.

హెడ్‌ఫోన్లలో చచ్చిపోయిన స్నేహితుడు దగ్గి గొంతు సవరించుకున్నాడు.

గాలి లేదు. హోరు లేదు. పక్కన నిలబడి మాట్లాడుతున్నంత స్పష్టంగా ఉంది.

ఎలిసియో చెయ్యి దానంతట అదే మైకు స్టాండును పట్టుకుంది.

ఆ సీరియల్ రాసేవాళ్ళలో ఎవరికీ స్పానిష్ రాదు. కథలో బందిపోట్ల వంతు వచ్చేసరికి ‘స్పానిష్‌లో ఏదో అరుస్తారు’ అని ఒక్క ముక్క రాసి చేతులు దులుపుకునేవారు. ఆ ఏదో ఏమిటన్నది అరిచేవాళ్ళ ఇష్టం. అది తెలిసిన, మెక్సికోవాళ్ళుండే బాయిల్ హైట్స్ పేటలో ఆదివారం సాయంత్రం టీవీ ఉన్న ఇంట్లో నిలబడడానికి చోటుండేది కాదు. బండిని తగలబెడతానని కళ్ళెర్రజేస్తూ ఎలిసియో, “అమ్మా, మోకాలికి ఆ మందు రాయడం మానకు, బుధవారం వస్తా” అని గర్జించేవాడు. అరిజోనా నుంచి వచ్చిన ఒక కుర్ర నటుడు రెండు తుపాకులూ గాల్లో పేలుస్తూ పిల్లనివ్వమని కాబోయే మామగారిని అడిగాడు. ఆయన ఇచ్చాడు కూడా. అందరిలోకీ రాజు క్రిసాంతో. మెడకు ఉరి బిగిస్తుండగా, “సోతో వీధిలో మా బామ్మర్ది అమ్మే టైర్లు కొనకండి, అన్నీ అతుకులే” అని శపించాడు. పేటంతా పొట్ట చెక్కలయ్యేలా నవ్వింది. బామ్మర్ది క్రిస్మస్ పండగ దాకా అతడితో మాట్లాడలేదు. అదే సమయానికి ఊరికి ఆ కొసన తెల్లవాళ్ళ ఇళ్ళలో ఆ అరుపులకు పిల్లలు జడుసుకుని తల్లుల ఒడిలో దూరేవారు.

ఇప్పుడు హెడ్‌ఫోన్లలో అదే క్రిసాంతో, అదే బందిపోటు కోపం నటిస్తూ మాట్లాడుతున్నాడు.

“ఎలిసియో బావా, ఇది నీకే. ఎదురుగా చెప్పడానికి మొహం చెల్లక ఇక్కడ చెబుతున్నా. హాడ్లీ నన్ను డెప్యూటీని చేస్తానన్నాడు. ఇక చావక్కర్లేదట. ముందు నిన్ను అడగమని అతడితో నేను అనలేదు, బావా, నోరు రాలేదు. ఆదివారం టీవీలో విని, సోమవారం వచ్చి నన్ను తన్ను. పడతాను.”

డెప్యూటీ వేషం క్రిసాంతోదా? హాడ్లీ ఆ మాట ఎందుకు చెప్పలేదు?

తెర మీద క్రిసాంతో రాయి అంచుకు వచ్చి పిడికిలి ఊపాడు.

“ఇంకో సంగతి. నిన్న ఇంటికి ఫోనొచ్చింది. మూతికి గుడ్డ అడ్డం పెట్టుకున్న గొంతు. మన భాషే. ఆ వేషం వదులుకో, లేకపోతే రేపు మూడో రాయి మీంచి దూకినవాడివి మళ్ళీ లేవవు అంది. మూడో రాయి సంగతి షూటింగ్ వాళ్ళకి తప్ప ఎవరికి తెలుసు? అంటే ఇక్కడున్న దొరల్లో ఒకడికి మన మాట వచ్చన్నమాట. ఇన్నాళ్ళూ రానట్టు మొహం పెట్టి మన తిట్లన్నీ విన్నాడన్నమాట. ఒరేయ్, నువ్వెవడివైనా సరే, నవ్వకు, కెమెరాలో పడతావు. నేను దూకుతున్నా. లేవకపోతే ఎవడూ తాడుని తప్పు పట్టొద్దు. మా బావ వేసిన ముడి ఇంతవరకూ జారలేదు.”

తుపాకీ పేలింది. తెర మీద క్రిసాంతో గుండె పట్టుకున్నాడు. వెనక్కి ఒరిగాడు. అక్కడితో టేపు అయిపోయి బొమ్మ తెల్లబడింది.

ఎలిసియో హెడ్‌ఫోన్లు తీయలేదు. తీస్తే చెవుల్లోంచి ఆ గొంతు కారిపోతుందేమో అనిపించింది. నెల రోజులుగా, తను కట్టిన తీరు వల్లే తాడు రాతికి ఒరుసుకుని స్నేహితుడు చచ్చాడని కుమిలిపోతున్నాడు. తప్పు ముడిది కాదు. ఎవరో తాడు కోశారు. చంపారు.

“ఏంటి ఎలీ, మొహం అలా పాలిపోయింది? మంచినీళ్ళు కావాలా?” స్పీకర్లో బర్ట్ గొంతు వినిపించింది. బర్ట్‌ది నెమ్మది స్వభావం. ఎవరి జోలికీ పోడు. మధ్యాహ్నం భోజనం మాత్రం వేళకి పడాలి.

“పాత మిత్రుడి గొంతు కదా, బర్ట్. అందుకే,” అన్నాడు ఎలిసియో ఇంగ్లీషులో. “గాలి హోరన్నారు. ఎక్కడా వినపడలేదే?”

“నాకూ వినపడలేదు. ఆ రోజు ఆకు కూడా కదల్లేదు. కానీ పైవాళ్ళు హోరుందంటే ఉన్నట్టే. నాకెందుకు చెప్పు.”

“పైవాళ్ళంటే?”

“ఎవరో నాకేం తెలుసు. మార్చమని మాటొచ్చింది. అసలు నువ్వు కాదు రావలసింది. శాన్ డియాగో నుంచి రేడియో మనిషెవరో వస్తానన్నాడు. ఆఖరి నిమిషంలో రాలేనన్నాడు. మన ఎలీ ఉండగా వేరేవాళ్ళెందుకని హాడ్లీకి నేనే చెప్పా.”

అదీ సంగతి. ఈ టేపు తను వినాల్సింది కాదు. వేరే ఊరివాడు వచ్చి, అదంతా కథలో మాటలే అనుకుని, దాని మీద ఏదో అరిచి పోయేవాడు.

“మరి ఈ టేపు?”

“నీది బాగా వచ్చిందనుకో, దీన్ని చెరిపేస్తాం. మళ్ళీ వాడుకోవాలిగా. భోజనానికి వెళ్ళేముందే చెరిపేయమన్నారు. ఎందుకంత తొందరో మరి.”

ఎందుకో ఎలిసియోకు తెలుసు. మాటలు మార్చాలంటే ముందు ఆ మాటలు అర్థమవ్వాలి. ఈ స్టూడియోలో ఎవరికో స్పానిష్ వచ్చు. చంపినవాడు వాడే.

ఎవరితో చెప్పాలి? మెక్సికోవాడి మాట విని పోలీసులు స్టూడియో గేటు తోసుకుని వస్తారా? ‘అందులో ఏముందో చెప్పు’ అని వాళ్ళడిగేలోపు టేపు చెరిగిపోతుంది. డబ్బింగ్ చెప్పనంటే డెప్యూటీ వేషం పోతుంది, ఆ రేడియో మనిషి రేపు వచ్చి చెబుతాడు. అప్పుడూ టేపు పోతుంది. క్రిసాంతోని రెండోసారి చంపే పని తన నోటికే అప్పగించారు.

తలుపు తెరుచుకుంది. అద్దం అవతలి గదిలోకి హాడ్లీ పొగచుట్టతో, అతడి వెనక సీరియల్ హీరో వేడ్ కాల్డర్ కాఫీ కప్పుతో వచ్చారు. కాల్డర్ ఆరడుగుల మనిషి. రాగిరంగు జుట్టు. వారానికొక బందిపోటును కాల్చి చంపే షెరీఫ్. దేశంలో సగం మంది పిల్లలు అతడి బొమ్మ ఉన్న గిన్నెలోనే పొద్దున పాలు తాగుతారు.

“ఏం అమీగో, ఇంకా బతికే ఉన్నావా?” కాల్డర్ స్పీకర్ మీట నొక్కి అన్నాడు. మిత్రమా అనే ఆ స్పానిష్ ‘అమీగో’ను ఎప్పటిలాగే నమిలి పిప్పి చేశాడు. “మొన్ననే కదా నిన్ను పాతిపెట్టింది.”

“మట్టి సరిగా కప్పలేదు సార్, మీవాళ్ళు. లేచొచ్చా.”

హాడ్లీ పొట్ట కదిలేలా నవ్వాడు. “విన్నావా వేడ్? ఇంక చంపడానికి వీల్లేదు. డెప్యూటీ అయిపోతున్నాడు. ఎలీ, ఇది కానివ్వు, తర్వాత నా గదికి రా, సంతకాలు పెట్టేద్దాం.”

“సార్, ఒక్క మాట. ఆ వేషం ముందు క్రిసాంతోకి అనుకున్నారటగా?”

హాడ్లీ చుట్ట నోట్లోంచి తీశాడు. “ఎవరు చెప్పారు?”

“పేటలో అనుకుంటుంటే విన్నా.”

“పాపం, అనుకున్న మాట నిజమే. ఏం చేస్తాం. పోయినవాడితో షూటింగ్ చెయ్యలేం కదా.”

ఎలిసియో అతణ్ణి కళ్ళార్పకుండా చూశాడు. యుద్ధానికి ముందు హాడ్లీ మెక్సికోలో ఏదో చమురు కంపెనీలో పనిచేశాడని ఎవరో అనగా విన్నాడు. అన్నేళ్ళు అక్కడుండి నాలుగు ముక్కలు రాకుండా ఉంటాయా? మాటలు మార్చమన్నది పైనుంచే కదా. హాడ్లీకి పైన ఎవరున్నారు?

అనుమానం చాలదు. తేలాలి.

“ఏం చెప్పమంటారు సార్?” అడిగాడు.

“నీ ఇష్టం. స్పానిష్‌లో ఏదో ఒకటి. గడ్డం వెనక పెదాలు ఎలాగూ కనపడవు. కాస్త భయంకరంగా ఉండాలి, అంతే.”

గదిలో దీపాలు తగ్గాయి. తెర మీద క్రిసాంతో మళ్ళీ రాయెక్కాడు. ఎలిసియో తెర వైపు చూడలేదు. అద్దం వైపు చూశాడు. అవతల ముగ్గురు. మీటల మీద వేళ్ళతో బర్ట్. చుట్ట వెలిగించుకుంటూ హాడ్లీ. కప్పు పెదాల దాకా ఎత్తుతూ కాల్డర్.

ఎలిసియో గుండెల నిండా ఊపిరి పీల్చి, చావబోయే బందిపోటు కసినంతా గొంతులోకి తెచ్చుకుని, స్పానిష్‌లో గర్జించాడు.

“నీ కాలర్ మీదికి తేలు పాకింది. మెడ మీదికి ఎక్కుతోంది. ఎక్కేసింది. దేవుడి మీద ఒట్టు, తోక ఎత్తింది.”

హాడ్లీ చుట్ట రాజుకుంది. అగ్గిపుల్ల ఊపి ఆర్పాడు.

బర్ట్ ఒక మీటను కొంచెం కిందికి జరిపాడు.

కాల్డర్ కప్పు గాల్లో ఆగిపోయింది.

అతడు మెడ తడుముకోలేదు. తల తిప్పలేదు. కప్పు దించలేదు. పెదాలకు వేలెడు దూరంలో కప్పు, ఊపిరి తీసుకోని ఛాతీ, రాయిలాంటి మనిషి. కళ్ళు మాత్రం మెల్లగా కిందికి, భుజం వైపు కదిలాయి.

స్పానిష్ రానివాడైతే కాఫీ తాగేవాడు. పుస్తకాల్లో నేర్చుకున్నవాడైతే ఎగిరిపడి మెడ దులుపుకునేవాడు. తేలు మాట వినగానే చెట్టు మానులా బిగుసుకుపోయేవాళ్ళు ఒక్కచోటే ఉంటారు. మెక్సికోలో, తేళ్ళకు పేరుపడ్డ దురాంగోలో. అక్కడ నడక కంటే ముందు తల్లి నేర్పేది అదే. కదిలితే కుడుతుంది, కదలకు నాన్నా, నేను తీస్తాగా. ఎలిసియో తల్లిది ఆ ఊరే. అతడికీ అదే నేర్పింది. ఆ అలవాటు ఎముకల్లోకి ఇంకిపోతుంది. పేరు మార్చుకున్నా, జుట్టుకు రంగు వేసుకున్నా పోదు.

తెర మీద తుపాకీ పేలింది. కప్పు కదిలింది. కాల్డర్ కాఫీ గుక్కెడు తాగాడు. అంతా రెప్పపాటులో జరిగిపోయింది. చూసింది ఎలిసియో ఒక్కడే.

“అబ్బ, ఒళ్ళు జలదరించింది,” అన్నాడు హాడ్లీ. “ఏమన్నావేంటి?”

“చచ్చేముందు తల్లిని తలుచుకున్నానండి.”

“చూశావా వేడ్? ఒక్క ముక్క అర్థం కాకపోయినా కళ్ళలో నీళ్ళొచ్చాయి. అదీ నటనంటే. బర్ట్, ఇదే ఖాయం. పాతది చెరిపెయ్.” హాడ్లీ గడియారం చూసుకుంటూ వెళ్ళిపోయాడు.

“బర్ట్, నువ్వు కూడా వెళ్ళు,” అన్నాడు కాల్డర్. “నేను అమీగోతో వచ్చే వారం సీన్ ఒకసారి చదువుకోవాలి. ఆ మైకులన్నీ కట్టేసి వెళ్ళు.”

బర్ట్ టేపు చుట్టను ఊడదీసి డబ్బాలో పెట్టుకుని పక్కగదిలోకి పోయాడు. మైకు దీపం ఆరింది. కాల్డర్ డబ్బింగ్ గదిలోకి వచ్చి తలుపు మూశాడు. తలుపుకు వీపు ఆనించి నిలబడ్డాడు.

అప్పుడు అన్నాడు, స్పానిష్‌లో. “మీ అమ్మగారిది దురాంగోలో ఏ వైపు, అన్నా?”

తడబాటు లేదు, పరాయి యాస లేదు. సంతలో పక్క దుకాణం మనిషి పలకరించినట్టు పలకరించాడు. మూడేళ్ళుగా తనను వారం తప్పించి వారం కాల్చి చంపిన మనిషి నోటి నుంచి అమ్మ మాట్లాడే భాష. ఎలిసియో మైకు స్టాండును పక్కకు జరిపి అతడికి ఎదురుగా నిలబడ్డాడు.

“నీ పేరేంటి?” అన్నాడు.

“ఎవరిస్తో. ఎవరిస్తో లుహాన్. ఈ పేరు పైకి అని పదిహేనేళ్ళయింది.” కాల్డర్ వింతగా నవ్వాడు. “బాగానే ఉంది కదా, వింటానికి?”

“క్రిసాంతోని చంపిన చేతులతో నన్ను అన్నా అంటావురా?”

“నేను చంపలేదు.”

“టేపు మార్చమన్నది నువ్వు కాదూ?”

“నేనే. అబద్ధమాడను. తీసిన రీళ్ళు వేసి చూస్తుంటే విన్నాను. ఆ మనిషి మాటలు విని మీరెంత అదిరిపోయారో నేనూ అంతే అదిరిపోయాను. కానీ ఆలోచించండి. అది ఆదివారం టీవీలో వస్తే ఏమవుతుంది? షూటింగ్ వాళ్ళలో స్పానిష్ వచ్చిన దొర ఎవడా అని పేటంతా వెతుకుతుంది. పత్రికలవాళ్ళు వెతుకుతారు. దొరికేది ఎవరు? నేను. చంపినవాణ్ణి కాదు, దాక్కున్నవాణ్ణి. రేపటికల్లా నా బొమ్మ ఉన్న గిన్నెలు చెత్తకుప్పలో ఉంటాయి. మీతోపాటు వరసలో నిలబడి బందిపోటు వేషం అడుక్కోవాలి.”

“మాతోపాటు నిలబడితే అరిగిపోతావా? మమ్మల్ని రోజూ పాతిపెట్టావు కదరా, మనవాళ్ళని తెలిసి కూడా?”

“తెలిసే. ప్రతిసారీ మీరు అరిచే మాటలన్నీ అర్థమయ్యేవి. క్రిసాంతో టైర్ల జోకు వేసినప్పుడు నవ్వాపుకోలేక దగ్గు నటించాను. సీను పాడుచేశానని హాడ్లీ తిట్టాడు.” కాల్డర్ నేల వైపు చూశాడు. “సెట్లో మీ పక్కన కూర్చుని ఒక్కసారి స్పానిష్‌లో గట్టిగా నవ్వుకోవాలని ఎంత ఉండేదో మీకు తెలీదు అన్నా. నేనెందుకు చంపుతాను? నాకా డెప్యూటీ వేషం కావాలి?”

ఆ ప్రశ్న ఎలిసియోకు సూదిలా గుచ్చుకుంది. ఫోనులో ఆ గొంతు అడిగింది ఒక్కటే. ఆ వేషం వదులుకో. షెరీఫ్‌గా ఉన్నవాడికి డెప్యూటీ వేషం దేనికి?

“స్పానిష్ వచ్చినవాడు నువ్వొక్కడివే ఇక్కడ,” అన్నాడు మొండిగా.

కాల్డర్ అతడి వైపు జాలిగా చూశాడు. “అదేం మాట అన్నా. ఈ ఊళ్ళో స్పానిష్ వచ్చినవాళ్ళకి కరువా? ఈ దొరల్లో ఒక దొంగ దొరుకుతాడేమోనని క్రిసాంతో పొరబడ్డాడు. మీరూ పొరబడ్డారు. పేటకి పేట అంతా మాట్లాడే భాష కదా అది.”

“మూడో రాయి సంగతి పేటకెలా తెలుస్తుంది? షూటింగ్ సంగతులు బయటికి పోవు.”

“మీరు ఇంట్లో చెప్పరా?”

ఎలిసియో హెడ్‌ఫోన్లు తీసి స్టాండుకు తగిలించాడు.

చెబుతాడు. రోజూ రాత్రి భోజనాల దగ్గర ఏ రాయి ఎక్కాలో, ఏ గుర్రం మొండిదో, ఎవరు ఎక్కణ్ణించి దూకాలో అంతా చెబుతాడు. మూడో రాయి సంగతి కూడా చెప్పాడు. భార్య ఒఫేలియా రొట్టెలు కాలుస్తూ వింది.

“ఆ తాడు కట్టింది మీరే కదా?” కాల్డర్ నెమ్మదిగా అడిగాడు. “కట్టాక తిండి వచ్చింది. క్రిసాంతో కాస్త తాడు విప్పుకుని కూర్చున్నాడు, మీరు మేకప్‌కి వెళ్ళారు. మీరొచ్చి మళ్ళీ కట్టే దాకా ఆ తాడు ఎవరి దగ్గరుంది?”

ఆ పొద్దు ఎలిసియో కళ్ళ ముందుకు వచ్చి నిలబడింది. అది సెయింట్ క్రిసాంతో పండగ రోజు. పేరుపండగ కదా అని ఒఫేలియా మొక్కజొన్న పిండితో వేడి వేడి తమాలేలు వండి, గుడ్డలో చుట్టి, బస్సెక్కి ఎర్రరాళ్ళ లోయ దాకా వచ్చింది. ఎప్పుడూ షూటింగ్ ఛాయలకు రాని మనిషి వచ్చిందని అంతా సంబరపడ్డారు. క్రిసాంతో నాలుగు తిన్నాడు. ‘వదినా, మీ చేతి వంట తిన్నాక చచ్చినా ఫర్వాలేదు’ అన్నాడు. తాడు చుట్ట ఆమె పక్కనే పడి ఉంది. కాస్త చూస్తుండు, ఎవరూ తొక్కకుండా, అని ఆమెకు చెప్పి మేకప్‌కి వెళ్ళింది తనే.

“ఆమెకి ఆ వేషం సంగతి తెలియదు,” అన్నాడు ఎలిసియో. “నాకే తెలియదు. క్రిసాంతో నాకే చెప్పలేదు.”

“వాళ్ళావిడకి చెప్పి ఉంటాడు. ఆడవాళ్ళిద్దరూ ఇరుగు పొరుగు కాదా?”

ఒకే దండెం మీద బట్టలారేసుకునే ఇరుగు పొరుగు.

ఒఫేలియా ఆదివారాలు టీవీ ముందుకు వచ్చేది కాదు. పేటంతా నవ్వుతుంటే వంటింట్లో గిన్నెలు తోమేది. ‘మీ నాన్న ఈ వారం కూడా చచ్చాడటగా’ అని బడిలో ఏడిపించారని కూతురు ఏడుస్తూ వచ్చిన రోజున, ‘ఒక్కసారైనా బతికి ఇంటికి రావయ్యా, నీకు పుణ్యముంటుంది’ అంది. నవ్వుతూ అనలేదు. ఆ మాటకు తను నవ్వాడు.

డెప్యూటీ వేషం వచ్చిందని చెప్పినప్పుడు ఆమె ఆశ్చర్యపోలేదు. శిలువ గుర్తు వేసుకుని, దేవుడు మాట విన్నాడు అంది.

కాదు. కాదు, ఇది కాల్డర్ తన మెడకు చుట్టుకున్నదాన్ని తప్పించుకోవడానికి అల్లుతున్న కథ. కథలు అల్లడంలో ఇతడి కంటే గొప్పవాడెవడు? తన పుట్టుకనే అల్లుకున్నవాడు.

“నువ్వు నా భార్య గురించి ఇంకొక్క మాటన్నావంటే,” అన్నాడు ఎలిసియో పళ్ళ బిగువున, “నిజంగానే ఒకరు చస్తారు ఈ గదిలో.”

“నేను ఎవరి పేరూ అనలేదు అన్నా. మీరే అనుకున్నారు.” కాల్డర్ తలుపు దగ్గర నుంచి పక్కకు జరిగాడు. “ఇంకొకటి ఆలోచించండి. తాడు కట్టింది మీరు. వేషం దక్కింది మీకు. రేపెవరైనా ఈ కేసు తవ్వితే మొదట పట్టుకునేది మిమ్మల్నే. ‘మా బావ వేసిన ముడి జారలేదు’ అన్న క్రిసాంతో మాట ఒక్కటే మిమ్మల్ని కాపాడేది. అది ఆ టేపులో ఉంది. నేను చెరిపించమన్నాను, నిజమే. ఇప్పుడు వద్దంటున్నాను. పరుగెత్తండి.”

ఎలిసియో అప్పటికే గుమ్మం దాటాడు.

పక్కగదిలో బర్ట్ బల్ల ముందు కూర్చుని తింటున్నాడు. టేపు చెరిపే యంత్రం నిశ్శబ్దంగా ఉంది. డబ్బా మూత తీసి ఉంది. డబ్బాలో ఏమీ లేదు.

“బర్ట్, టేపు. చెరిపేశావా?”

బర్ట్ నమలడం ఆపి నవ్వాడు. “లేదులే. కంగారుపడకు. చెరిపేద్దామని మీట మీద చెయ్యి వేశాను, అంతలోనే మీ ఆవిడ వచ్చింది.”

“ఎవరు?”

“మీ ఆవిడే. నువ్వే పంపావందిగా. ఎంత మర్యాద గల మనిషయ్యా. క్రిసాంతో ఆఖరి గొంతు కదా, వాళ్ళావిడకి జ్ఞాపకంగా ఇస్తాం, చెరిపెయ్యొద్దు అని బతిమాలింది. ఎలాగూ పోయేదేగా, రీలు తప్పిపోయిందని చెబుతాలే అని ఇచ్చేశా. నువ్వు కూడా ఎక్కడా అనకు సుమా.” చేతిలో ఉన్నది పైకెత్తి చూపించాడు. మొక్కజొన్న పొత్తు ఆకులో చుట్టిన తమాలే. పొగలు కక్కుతోంది. “ఇవి కూడా ఇచ్చింది. ఒకటి తింటావా?”

క్రిసాంతో మాటల మీద డబ్బింగ్ చెప్పడానికి వెళుతున్నానని పొద్దున కాఫీ తాగుతూ ఆమెకు చెప్పింది ఎలిసియోనే. రోజూ అన్నీ చెప్పినట్టే. ఆ మాటల్లో ఫోను సంగతి ఉందేమోనని ఆమె భయపడి ఉండాలి.

“ఎటు వెళ్ళింది?”

“ఇప్పుడేగా వెళ్ళింది. అదుగో.”

కిటికీ అవతల స్టూడియో గేటు, గేటు ముందు ఎండలో తెల్లగా మెరుస్తున్న వీధి, అవతలి గట్టున బస్సు స్టాపు. అక్కడ ఒఫేలియా నిలబడి ఉంది. ఆదివారం చర్చికి వేసుకునే నీలం గౌను. చేతిలో గుడ్డ సంచీ. ఎండకు కన్ను చిట్లించి స్టూడియో వైపే చూస్తోంది.

ఎలిసియో కిటికీ దగ్గర నిలబడిపోయాడు. గుర్రాల మీంచి, కొండల మీంచి, మేడల మీంచి ఎలా పడాలో తెలిసిన మనిషికి ఆ క్షణాన ఎలా నిలబడాలో తెలియలేదు. ఆమె అతణ్ణి చూసింది. చెయ్యెత్తి ఊపలేదు. తల దించుకోలేదు.

బాయిల్ హైట్స్ బస్సు వచ్చి ఆగింది. తలుపు తెరుచుకుంది. కాసేపటికి మూసుకుంది. బస్సు కదిలిపోయింది.

ఒఫేలియా ఎక్కలేదు. టేపు ఉన్న సంచీని రెండు చేతులతో గుండెకు అదుముకుని, అతడు వచ్చేదాకా కదలనన్నట్టు అక్కడే నిలబడి ఉంది.